గడువు దాటిన వ్యాజ్యము



తెల్లాపూరును నడుమ నుంచుకొని, ఒక పూటలో పోయి రాదగినంత దూరము నలుదెసల చూచినచో, ఉద్యోగమిచ్చు యజమానులు ఎన్ని విధములవారున్నారో తెలిసి ఆశ్చర్యము కలుగును. ఊరి పొలిమేర దాటగానే రామచంద్రాపురములో, చెకోస్లొవేకియా దేశపు సహకారముతో 1960 దశకమున వెలసిన భెల్ కర్మాగారము. ఆ చేరువనే ఆర్టీసీ వారి బస్సు డిపో. పటాన్‌చెరులో 1972లో స్థాపితమైన ఇక్రిశాట్ అను అంతర్జాతీయ వ్యవసాయ పరిశోధనసంస్థ, దాని చుట్టును మందుల కంపెనీలు, ఇనుప కంపెనీలు. ఇంకను ముందుకు సాగినచో ఎద్దుమైలారములోని ఆయుధ కర్మాగారము. సంగారెడ్డిలో కలెక్టరు కచ్చేరి, దాని క్రింది ప్రభుత్వ శాఖలు. వీనిలో పనిచేయువారు తెల్లాపూరులోనో, రామచంద్రాపురములోని ఎం.ఐ.జి. కాలనీలోనో ఒకే వరుస యిండ్లలో కాపురముందురు. ఆ వరుసలోని కొందరికి ఒకే నెలలో డిస్మిస్ ఆర్డరు అందెననుకొందము. వారు వేర్వేరు న్యాయస్థానముల మెట్లెక్కవలసియుందురు. వారికి గల గడువులును వేర్వేరు తీరులుగా నుండును. వారిలో ఒకనికైతే ఎక్కుటకు మెట్టే యుండకపోవచ్చును. ప్రభుత్వోద్యోగమునుండి తొలగింపబడినవాడు ఆలస్యముగా న్యాయస్థానమునకు పోయినచో ఏమగును అనునది నేటి ప్రసంగవిషయము.

ఇట్టి వ్యాజ్యములు వేయు వకీలు బల్లమీదికి వచ్చు కాగితముల కట్టను విప్పి చూచినచో, అందులో డిస్మిస్ ఆర్డరు ఒక్కటే యుండదు. దాని వెనుక డివిజనల్ మేనేజరుకు పెట్టుకొన్న అర్జీ, ఆయన బదిలీయైన పిమ్మట వచ్చినవారికి పెట్టుకొన్న అర్జీ, యూనియను నాయకుని లేఖ, శాసనసభ్యుని సిఫారసు, మంత్రిగారి పేషీలో ఇచ్చిన విన్నపము, ఒక్కొక్కదానికి గుచ్చిన రిజిస్టర్డు పోస్టు రసీదు వరుసగా నుండును. "సారు చూస్తనన్నడు, జర ఆగుమన్నడు" అను మాట ఆ కాగితములన్నింటి వెనుకను వినబడుచునే యుండును. ఆ మనుష్యుడు అయిదేండ్లో ఆరేండ్లో ఊరకే కూర్చుండలేదు, కాళ్లరిగినట్లు తిరిగినాడు. కాని చట్టము దృష్టిలో అతడా యేండ్లన్నియు నిద్రించినవాడే. మన దేశమున ఉద్యోగభ్రష్టుని ఆలస్యము చాలవరకు సోమరితనమునుండి పుట్టినది కాదు. అధికారి మనసు మారునను నమ్మకమునుండి, అర్జీయందలి విశ్వాసమునుండి పుట్టినది. ఆ విశ్వాసమునకు న్యాయస్థానము కానీ విలువయైన కట్టదన్నది మాత్రము ఎవ్వరును అతనికి సకాలమున చెప్పరు.

ఉద్యోగము పోయినవాడు న్యాయస్థానమునకు పోవుట నేడు మనకు సహజమైన హక్కుగా తోచును గాని, ఆ హక్కు వయస్సు ఏమంత పెద్దది కాదు. మద్రాసు ప్రభుత్వ ముద్రణాలయమున పనిచేయుచు తొలగింపబడిన వెంకటరావు అను ఉద్యోగి వేసిన దావా 1930 దశకపు నడుమ లండనులోని ప్రీవీ కౌన్సిలు వరకు పోయినది. విచారణ జరుపవలసిన పద్ధతిని జరుపలేదన్నది ఆయన ఫిర్యాదు. పద్ధతి తప్పినమాట నిజమేయైనను, రాజసేవ రాజుగారి ఇష్టమున్నంతవరకే సాగునది గనుక, నియమములు పాటింపలేదని దావా వేయుట చెల్లదని ప్రీవీ కౌన్సిలు తేల్చినది. అనగా ఆనాడు త్వరగా వచ్చినవానికిని ఆలస్యముగా వచ్చినవానికిని దక్కెడిది ఒక్కటే, శూన్యము. రాజ్యాంగములోని 311వ అధికరణము వచ్చిన పిమ్మట, తన్ను నియమించినవానికంటె తక్కువ స్థాయివాడు తొలగింపరాదనియు, ఆరోపణలు తెలిపి తగిన విచారణ జరిపినగాని తొలగింపరాదనియు పౌరోద్యోగికి రక్షణ గట్టిపడినది. తలుపు తెరచుకొన్నది, దానితో పాటే గడియారమును వచ్చి చేరినది.

ఆ గడియారము ఎప్పుడు కదలనారంభించునన్న ప్రశ్నకు 1989 సెప్టెంబరులో సుప్రీంకోర్టున ఏడుగురు న్యాయమూర్తులు కూర్చుండి ఉత్తరము చెప్పిరి. మధ్యప్రదేశ్ ప్రభుత్వముపై రాఠోర్ అను ఉద్యోగి నడపిన వ్యాజ్యమది. సర్వీసు నియమములలో అప్పీలుకు చోటున్నచో, ఆ అప్పీలుపై ఉత్తర్వు వెలువడిన దినము మొదలు కాలము లెక్కింపవలెను. అప్పీలు పెట్టిన ఆరునెలలవరకు ఉత్తర్వే రానిచో, ఆ ఆరునెలలు తీరిన దినము మొదలు లెక్కింపవలెను. ఇంతవరకు ఉద్యోగికి అనుకూలమే. కాని చట్టము ఏర్పరచని అర్జీలు, మరల మరల పెట్టు విన్నపములు కాలమును ఒక్క దినమైనను ఆపజాలవని కూడ వారు చెప్పిరి. మొదటి అప్పీలుకు గల శక్తి రెండవ అర్జీకి లేదు, పదియవ అర్జీకి అసలే లేదు. ఈ యొక్క వాక్యము తెలియక జీవితములు పాడైనవారు మన జిల్లాలలో ఎందరో కలరు.

మరి కొందరు వేరొక వాదముతో వత్తురు. తన్ను తొలగించిన ఉత్తర్వు విచారణయే లేక వెలువడినది, కావున అది మొదటినుండియు చెల్లనిదే, చెల్లని దానికి గడువేమిటి, ఎప్పుడు వచ్చియైనను అది చెల్లదని అనిపించుకొనవచ్చును గదా యని వారి తర్కము. వినుటకు సొంపైన తర్కమే. పంజాబు, హర్యానా హైకోర్టు కొంతకాలము దీనిని అంగీకరించినది కూడ. 1991లో పంజాబు ప్రభుత్వమునకును గురుదేవ్ సింగ్‌కును నడుమ జరిగిన వ్యాజ్యమున సుప్రీంకోర్టు దీనిని త్రోసిపుచ్చినది. ఉత్తర్వు చెల్లనిదేయైనను, అది చెల్లదని తన నొసట తాను వ్రాసికొని రాదు. ఒక న్యాయస్థానము ఆ మాట చెప్పువరకు అది లోకములో చెల్లుచునే యుండును. ఆ మాట చెప్పుమని అడుగుటకు దావా వేయువాడు కాలపరిమితి చట్టము ప్రకారము మూడేండ్లలోపల వేయవలెను. ఈ తీర్పులోని తర్కము దృఢమైనదని ఒప్పుకొనుచునే, ఒక మాట అనకతప్పదు. విచారణ లేకయే ఇంటికి పంపబడినవాడు సాధారణముగా తాత్కాలికోద్యోగి, చిన్నవాడు; మూడేండ్ల లెక్క తెలిసినవాడు కాడు. తప్పు పెద్దదైనకొలది దానిని ప్రశ్నించుటకు ఎక్కువ కాలముండునని సామాన్యుడు తలచును, చట్టమట్లు తలచదు.

ఇక గడువు చచ్చిన పిమ్మట దానికి ప్రాణము పోయుటకు కనిపెట్టిన ఉపాయమొకటి కలదు. పదునెనిమిదేండ్ల క్రిందట పోయిన ఉద్యోగమును గూర్చి నేడొక అర్జీ పెట్టుట. దానిపై నిర్ణయము తీసికొనుమని మాత్రమే అధికారిని ఆజ్ఞాపింపుమని న్యాయస్థానమును ప్రార్థించుట. ఇంత చిన్న ప్రార్థనను కాదనుటెందుకని న్యాయస్థానము సరేయనుట. అధికారి కుదరదని జవాబు వ్రాయుట. ఆ జవాబు నేటిది గనుక తన వ్యాజ్యకారణమును నేటిదేయని మరల వచ్చుట. తమిళనాటి గనులశాఖలో 1982లో ఉద్యోగము పోగొట్టుకొని 2000లో అర్జీ పెట్టినవాని వ్యాజ్యము సరిగా నీ దారినే నడచినది. 2008లో జేకబ్ కేసుగా పేరుపడిన తీర్పులో సుప్రీంకోర్టు ఈ ఉపాయమును విప్పి చూపి మందలించినది. అర్జీని పరిశీలింపుమనుట హక్కును ఒప్పుకొనుట కాదనియు, మృతమైన హక్కుపై వ్రాసిన జవాబు క్రొత్త హక్కును పుట్టింపదనియు చెప్పినది. మందలింపు ఉద్యోగికంటె క్రింది న్యాయస్థానములకే ఎక్కువగా తగిలినది. అయినను ఆ ఉపాయము మానినవారు తక్కువే. హైకోర్టులో "రిప్రజెంటేషన్ డిస్పోజ్ చేయుమని" ఆర్డరు తెచ్చుకొని, గెలిచితినని ఊరిలో మిఠాయి పంచినవారిని గూర్చి వినుచునే యుందుము.

చట్టమింత కఠినముగా నుండుటకు కారణములు లేకపోలేదు. ఖాళీయైన పదవిలో మరియొకడు చేరును, అతని క్రింద సీనియారిటీ జాబితా కట్టబడును, విచారణ చేసిన అధికారి రిటైరగును, సాక్ష్యమిచ్చినవారు కాలము చేయుదురు, ఫైలు నశించును. పదేండ్ల పిమ్మట ఉత్తర్వు కొట్టివేసినచో, చేయని పనికి పదేండ్ల జీతమును ఖజానా ఇచ్చుకొనవలెను. తెల్లాపూరువంటి ఊళ్లలో పన్నులు కట్టు సామాన్యునికిది అన్యాయమే. ఈ కారణములను నేను తేలికగా చూచుట లేదు.

గడువుల చిక్కు ఎట్టిదో చూచుటకు మరల మన వరుస యిండ్ల యొద్దకు వత్తము. ఎద్దుమైలారము ఆయుధ కర్మాగారపు ఉద్యోగి కేంద్రప్రభుత్వమువాడు. 2021 అక్టోబరు 1న ఆ కర్మాగారములు ప్రభుత్వ కంపెనీలుగా మారినను, అందలి పాత సిబ్బందిని డెప్యుటేషనుమీద నున్నట్లే పరిగణించిరి. రక్షణశాఖ పౌరోద్యోగికి 311వ అధికరణపు రక్షణ వర్తింపదని సుప్రీంకోర్టు ఎన్నడో చెప్పియున్నది. అయినను కేంద్ర సర్వీసు నియమములు వర్తించును. ఆ నియమముల ప్రకారము ఉత్తర్వు చేతికందిన నలువదియైదు దినములలోపల శాఖలోనే అప్పీలు పెట్టుకొనవలెను. అది ముగిసిన పిమ్మట కేంద్ర పరిపాలనా ట్రిబ్యునలుకు ఒక యేడాదిలోపల పోవలెను. అప్పీలుపై జవాబే రానిచో ఆరునెలలు వేచి, ఆపైన ఏడాదిలోపల. ఆలస్యమునకు తగిన కారణము చూపినచో ట్రిబ్యునలు మన్నింపవచ్చును. గడువు చిన్నదే కాని, చట్టములో అంకెలతో వ్రాయబడియున్నది.

ఆ ప్రక్కయింటి రాష్ట్రప్రభుత్వోద్యోగి కథ అంత తేటగా లేదు. 371-డి అధికరణము క్రింద ఆంధ్రప్రదేశమునకు ప్రత్యేకముగా ఒక పరిపాలనా ట్రిబ్యునలు 1976లో హైదరాబాదున ఏర్పడినది. దాని తీర్పును ప్రభుత్వమే మార్చవచ్చును, రద్దు చేయవచ్చునను ఒక విడ్డూరపు నిబంధన కూడ మొదట నుండెను; గెలిచినవాని విజయమును ఓడినవాడే రద్దు చేయగల వింత యది. సాంబమూర్తి కేసులో సుప్రీంకోర్టు దానిని 1986 చివర కొట్టివేసినది. ఆపైన సకినాల హరినాథ్ కేసులో 1993లో మన హైకోర్టు ఫుల్ బెంచి, ట్రిబ్యునళ్లపై హైకోర్టులకు గల అధికారమును తీసివేయుట చెల్లదని తీర్పు చెప్పినది. అదియే 1997 మార్చిలో చంద్రకుమార్ కేసుగా సుప్రీంకోర్టున స్థిరపడి, దేశమంతట అమలులోనికి వచ్చినది. దేశములోని ప్రభుత్వోద్యోగులందరును నేడు అనుభవించుచున్న ఒక హక్కునకు దారి హైదరాబాదునుండియే పడినదని చెప్పుకొనుటలో అతిశయోక్తి లేదు. రాష్ట్రవిభజన పిమ్మట, 2016లో, తెలంగాణకు ఆ ట్రిబ్యునలు పరిధి తొలగింపబడినది. వ్యాజ్యములన్నియు హైకోర్టుకు చేరినవి.

అట్లు చేరుటచేత గడువు విషయమున ఒక విపరీతము సంభవించినది. ట్రిబ్యునలుకు ఏడాదియను అంకె యుండెను. 226వ అధికరణము క్రింద హైకోర్టుకు రిట్ వేయువానికి అట్టి అంకె యేదియు లేదు. సమంజసమైన కాలములోపల రావలెననుటయే నియమము. దావాకు గల గడువునే కొలతగా తీసికొనవచ్చునని 1964లోనే సుప్రీంకోర్టు సూచించియున్నది. పదోన్నతి విషయములలో ఆరునెలలు, మహా అయితే ఏడాది యని 1974లో మరియొక తీర్పు వచ్చినది. తొలగింపు జరిగిన నాలుగేండ్లకు వచ్చిన చెన్నై జలమండలి ఉద్యోగిని ఆలస్యమను కారణముచేతనే 2014లో త్రిప్పిపంపిరి. అంకె లేదనగానే సామాన్యుడు హద్దు లేదనుకొనును. వాస్తవమునకు హద్దు న్యాయమూర్తి మనసులో నుండును, మనకు కనబడదు. కనబడు గోడకంటె కనబడని గోడకే తల ఎక్కువగా కొట్టుకొనునన్నది ఇచట అక్షరాల నిజము.

భెల్ ఉద్యోగి అటు పౌరోద్యోగియు కాడు, ఇటు కేవలము ప్రైవేటువాడును కాడు. ప్రభుత్వరంగ సంస్థ రాజ్యాంగదృష్టిలో రాజ్యమే గనుక అతడు రిట్ వేయవచ్చును. కార్మికుడైనచో లేబరు కోర్టుకును పోవచ్చును. అందులో కేంద్రము అదుపులోని కంపెనీకి వివాదమును పంపవలసినది కేంద్రమా, రాష్ట్రమా యను ప్రశ్న మరియొకటి యుండెను. రాంచీలోని భారీ ఇంజనీరింగు కార్పొరేషను విషయమున 1969లో రాష్ట్రమే యనిరి. 2010 చట్టసవరణతో కేంద్రమాయెను. ఈలోపల తప్పు తలుపు తట్టి యేండ్లు పోగొట్టుకొన్నవానికి, చిత్తశుద్ధితో తప్పు న్యాయస్థానమున గడపిన కాలమును మినహాయించు 14వ సెక్షను కాలపరిమితి చట్టములో కలదు. దానిని వకీలు సకాలమున జ్ఞప్తికి తెచ్చుకొనవలెను.

ఆర్టీసీ కండక్టరు విషయమున ఆంధ్రప్రదేశ్ శాసనసభ ఒక గొప్ప పని చేసినది. చెకింగువారు బస్సాపి, టికెట్టివ్వని ప్రయాణికుని పట్టుకొని, కేసు వ్రాసి, ఛార్జిషీటు, ఎంక్వైరీ, ఆపైన రిమూవలు అను క్రమము ఆ ఉద్యోగమున నిత్యము జరుగునదే. పారిశ్రామిక వివాదముల చట్టము ప్రకారము అట్టివాడు ముందు రాజీ అధికారియొద్దకు పోవలసియుండెను. రాజీ కుదరనిచో ఆయన ప్రభుత్వమునకు నివేదింపవలసియుండెను. ప్రభుత్వము ఇష్టమున్నచో లేబరు కోర్టుకు పంపెడిది. ఇంత తిరుగుడెందుకని, కార్మికుడే నేరుగా లేబరు కోర్టుకు దరఖాస్తు పెట్టుకొనవచ్చునని 1987లో మన శాసనసభ సవరణ చేసినది. కేంద్రము ఇరువదిమూడేండ్లకు, 2010లో, ఆ బాట పట్టినది. కాని కేంద్రము చేసిన సవరణలో తొలగించిన నాటినుండి మూడేండ్లు దాటరాదను గడువొకటి చేరినది. మన 1987 సవరణలో అట్టి అంకె లేకుండెను. 2020లో చేసిన పారిశ్రామిక సంబంధముల కోడ్ 2025 నవంబరు 21న అమలులోనికి వచ్చినది. వివాదము పుట్టిన రెండేండ్లు దాటిన పిమ్మట రాజీ అధికారి దానిని చేపట్టరాదని అందులో నున్నది. అంకె లేని కాలమునుండి మూడుకు, మూడునుండి రెండుకు, నలువదియేండ్లు నిండకమునుపే వచ్చితిమి. గడువు లేనినాడును న్యాయస్థానములు ఊరకుండలేదు. ఏడేండ్లకు వచ్చిన అజాయబ్ సింగ్ అనువానికి 1999లో ఉద్యోగము దక్కెను గాని జీతపు బకాయిలలో కొంత తెగిపోయెను. మరుసటి యేడు నెడుంగాడి బ్యాంకు కేసులో అదే యేడేండ్ల ఆలస్యమునకు వివాదమే మృతమైనదనిరి. పట్టుపురుగుల శాఖలో 1985లో పని పోయి పదునాలుగేండ్లకు లేచినవానికి 2015లో తలుపు మూసిరి. ఒకే చట్టమున ఒకే కాలవ్యవధికి రెండు ఫలితములు వచ్చుట న్యాయవాదులకు పరిచితమే కావచ్చును. పని పోయినవాడు మాత్రము దీనిని అదృష్టమనియే పిలుచును.

ఇక ఎక్కుటకు మెట్టు లేనివాడు. ఇక్రిశాట్ మన నేలమీద, మన నీటితో, మనవారి శ్రమతో నడచుచున్నను, అంతర్జాతీయ సంస్థగా మన ప్రభుత్వమునుండి 1972లోనే ప్రత్యేక రక్షణలను పొందినది. తొలగింపబడిన ఉద్యోగి యొకరు ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టును, ఆపైన సుప్రీంకోర్టును ఆశ్రయింపగా, ఆ సంస్థ మన రాజ్యాంగము చెప్పు రాజ్యము కాదనియు, దానిపై రిట్ చెల్లదనియు 2003లో సుప్రీంకోర్టు తేల్చినది. ఆలస్యమన్న ప్రశ్నయే ఇచట పుట్టదు. శాస్త్రవిజ్ఞానమునకు సరిహద్దులు లేకుండుట మంచిదే కాని, పటాన్‌చెరులో పుట్టి పటాన్‌చెరులో పనిచేసినవాని జీవనాధారము కూడ ఆ సరిహద్దుల ఆవలకు పోవుట నాకు సమ్మతము కాదు.

హైదరాబాదు నగరమునకు ఆ చివర కుషాయిగూడలోని ఇ.సి.ఐ.ఎల్. సంస్థ పేరుతో 1993 అక్టోబరు 1న వెలువడిన రాజ్యాంగ ధర్మాసనపు తీర్పును చెప్పక ఈ విషయము తీరదు. విచారణాధికారి నివేదిక ప్రతిని శిక్షకు ముందే ఉద్యోగికి ఇచ్చి, దానిపై ఆయన మాట వినవలెననుట ఆ తీర్పు సారము. దేశమంతట ఎందరో ఉద్యోగులకిది వరమైనది. కాని ఆ వరమునకొక తేది కట్టిరి. రంజాన్ ఖాన్ కేసులో ఈ మాట మొదట చెప్పిన 1990 నవంబరు 20 తరువాత వెలువడిన శిక్షలకే ఇది వర్తించును. ఆ నవంబరు పందొమ్మిదిన డిస్మిస్ అయినవాడు, ఇరువదియొకటిన డిస్మిస్ అయిన తోటివాడు గెలిచి వచ్చుట చూచి, తానును వెనువెంటనే వ్యాజ్యము వేసినను ప్రయోజనము లేదు. మరొకడు గెలిచెను గనుక నాకును ఇయ్యుడని ఏండ్ల తరువాత లేచి వచ్చువానిని గట్టుమీద కూర్చున్నవానిగా న్యాయస్థానములు లెక్కింపసాగినవి. పొరుగువాని గెలుపు తన గడువును పొడిగింపదు.

ఇట్లే క్రిమినలు కేసు తేలనిమ్మని కూర్చుండువారును కలరు. లంచపు కేసులోనో, కార్యాలయపు సొమ్ము కేసులోనో శాఖ ఒకప్రక్క డిస్మిస్ చేయును, మరొకప్రక్క పోలీసు కేసు నడచును. ఆ కేసు కొట్టివేయబడినచో ఉద్యోగము దానంతటదియే తిరిగివచ్చునని ఇంటిల్లపాదియు నమ్ముదురు. ఎనిమిదేండ్లకో పదేండ్లకో నిర్దోషియని తీర్పు రాగా, దానిని పట్టుకొని శాఖకు పోవుదురు. రెండింటి రుజువుప్రమాణములు వేరనియు, నిర్దోషియైనంత మాత్రమున ఉద్యోగము రాదనియు 2012లో తమిళనాటి పోలీసుద్యోగి కేసున సుప్రీంకోర్టు చెప్పినది. రెంటిలోను ఒకే సాక్ష్యమున్నచో వేరు మాటయని 2006 నాటి తీర్పొకటి కలదు. ఏది వర్తించినను, డిస్మిస్ ఉత్తర్వుపై అప్పీలు ఆనాడే పెట్టియుంచుకొనవలెను.

గడియారము కదలుటకు ఉత్తర్వు చేతికందవలెను. ఫైలులో సంతకము పడినంతమాత్రమున తొలగింపు కానేరదనియు, అది ఉద్యోగికి తెలియజేయబడిననాడే అమలులోనికి వచ్చుననియు 1966లో అమర్ సింగ్ హరికా కేసు చెప్పినది. 2019 అక్టోబరు 5న మొదలైన ఆర్టీసీ సమ్మెలో మన రాష్ట్రపు నోళ్లలో పడిన మాట "సెల్ఫ్ డిస్మిస్". సుమారు నలువదియెనిమిది వేలమంది తమంతట తామే ఉద్యోగము వదలుకొన్నట్లేయని ముఖ్యమంత్రి ప్రకటించిరి. ఎవరి చేతికిని ఉత్తర్వు రాలేదు. ఎవరి గడువును మొదలు కాలేదు. రెండునెలలు నిండకమునుపే వారందరును విధులకు పోయిరి. కాని ఆ దినములలో డిపోల ముందు నిలిచినవారు, తాము దేనిని, ఎచట, ఎన్నినాళ్లలోపల ప్రశ్నింపవలెనో తెలియని స్థితిలో గడపినమాట కాదనరానిది.

ఇక ప్రభుత్వము తానే వ్యాజ్యగాడైనప్పుడు ఆలస్యమును గూర్చి ఎట్లు మాటలాడునో వినవలసినదే. ఫైలు ఒక బల్లనుండి మరొక బల్లకు పోవుట ఆలస్యమైనదని చెప్పి, వందల దినముల ఆలస్యమును మన్నింపుమని అప్పీళ్లు వేయుట దానికి వాడుక. 1987లో కాటిజీ కేసున ఆ ఉదారతకు న్యాయస్థానము తలయూపినది. 2012లో, తపాలాశాఖ 427 దినములు ఆలస్యముగా వచ్చినప్పుడు మాత్రము, ఇక చాలునన్నది. ఫైలు కదలలేదని గుమాస్తాబలగమున్న శాఖ చెప్పినపుడు కరగిన మనసు, సారు ఆగుమన్నాడని కండక్టరు చెప్పినపుడెందుకు కరగలేదో ఈనాటికిని నాకు బోధపడదు.

డిస్మిస్ ఉత్తర్వు అడుగున రెండు పంక్తులు, ఈ ఉత్తర్వుపై అప్పీలు ఎవరికి, ఎన్ని దినములలోపల, ఆపైన ఏ న్యాయస్థానమునకు, ఎంతలోపల అనునవి, తెలుగులో అచ్చువేయించుట ఏ శాఖకును కష్టము కాదు. అట్లు వ్రాయని ఉత్తర్వుపై వచ్చిన ఆలస్యమును మన్నించితీరవలెనని నియమము చేయుటయు కష్టము కాదు. అది జరిగిననాడు ఆలస్యమునకు శిక్ష న్యాయమైనదగును. నేడు తెలియనివానికి విధించు శిక్షగానే యున్నది.

గడువు నిజముగా దాటిపోయినవానికి మిగులునది తక్కువే గాని, బొత్తిగా ఏమియు లేదనుట పొరపాటు. డిస్మిస్ అయినవానికి పెన్షను పోవును; తన జీతమునుండి కోతపడిన ప్రావిడెంటు ఫండు తనదే, దానిని పోగొట్టు అధికారము ఏ అధికారికిని లేదు. పెన్షను నియమములలో దయాభత్యము అను నొకటి కలదు. తొలగింపబడినవాని పరిస్థితి దానికి అర్హమైనదని అధికారి తలచినచో, రావలసియుండిన పెన్షనులో మూడింట రెండువంతులకు మించకుండ మంజూరు చేయవచ్చును. దానిని యోచించుటలో ఏ తప్పులను పరిగణింపవలెనో, ఏ సేవను లెక్కలోనికి తీసికొనవలెనో 2014లో ఢిల్లీ పోలీసు కానిస్టేబులు ఒకని విషయమున సుప్రీంకోర్టు విపులముగా వ్రాసినది. ఇరువది యేండ్లకు పైబడి పనిచేసి, చెప్పక గైరుహాజరైనందుకు తొలగింపబడినవాడతడు. తొలగింపును కదల్చలేక, ఆ భత్యమును మాత్రమే అడిగి, దానిని మరల పరిశీలింపవలెనను ఉత్తర్వు సంపాదించెను. లంచము, మోసము లేక, గైరుహాజరువంటి కారణములచే ఉద్యోగము పోయి, గడువులన్నియు దాటి, వయస్సు మీరిన పాత సర్కారు ఉద్యోగులు సంగారెడ్డి, పటాన్‌చెరు ప్రాంతములలో నున్నచో, పాత ఉత్తర్వును తిరుగదోడుమను అర్జీని ప్రక్కన పెట్టి, సర్వీసు రిజిస్టరు నకలు జతపరచి, ఈ యొక్క దరఖాస్తును తమ పాత శాఖాధిపతికి పెట్టుకొనవచ్చును.